జాడ లేని పని

నేను ఏం పని చేస్తానో మా అమ్మ సువార్తమ్మకు తొమ్మిదేళ్ళుగా తెలియదు. నేను చెప్పక కాదు. వందసార్లు చెప్పాను. "సినిమా తీసేటప్పుడు పడకూడనివి చాలా పడతాయమ్మా. హీరోను గాల్లోకి లేపే తాళ్ళు, కరెంటు స్తంభాలు, వెనకాల నిలబడి సెల్‌ఫోన్ చూసుకునేవాళ్ళు. కంప్యూటర్లో ఒక్కో బొమ్మా తీసుకుని అవన్నీ తుడిచేస్తాను" అని. విన్నంతసేపూ తల ఊపుతుంది. తర్వాత ఎవరైనా అడిగితే "మా బిడ్డ సినిమాలల్ల పని చేస్తది" అంటుంది. అక్కడితో ఆగితే బాగానే ఉండేది. "అట్లనా? ఏ సినిమాల? ఏడ కనిపిస్తది?" అని వాళ్ళు అడుగుతారు కదా, అప్పుడు నా మొహం వైపు చూస్తుంది.

నేనేం చెప్పేది? నా పని కనిపించిందంటే చెడిపోయినట్టు. కనిపించకపోతే చేయనట్టే. ఏం చదువు చదివి ఏం పనిలో పడ్డానురా దేవుడా అని ఎన్నిసార్లు అనుకున్నానో.

ఒకసారి అమ్మను థియేటర్‌కు తీసుకెళ్ళి, కొండ మీద ఫైటు వచ్చినప్పుడు "ఇదిగో, ఇది నేను చేసింది" అని చూపించాను. కళ్ళు చిట్లించి చూసింది.

"ఏది?"

"ఆ కొండ వెనకాల సెల్ టవర్ ఉండె. తీసేసిన."

"ఏడుంది టవరు?"

"తీసేసిన అంటాన గదనే!"

"మరి లేనిదాన్ని నన్నేం చూడమంటవే?" అంది అమ్మ. ముందు వరుసలోని వాళ్ళు వెనక్కి తిరిగి మమ్మల్ని చూశారు. ఆ రోజు నుంచి చూపించడం మానేశాను.

విచిత్రం ఏమిటంటే, అమ్మ చేసేదీ అలాంటి పనే. ఆమె రఫు చేస్తుంది. వరంగల్ చౌరస్తాలోని రెండు బట్టల షాపుల నుంచి పని వస్తుంది. ఎలుక కొట్టిన పట్టుచీర కానీ, మేకు తగిలి చిరిగిన కొత్త ప్యాంటు కానీ, ఆ బట్ట అంచులోంచే పోగులు లాగి, వాటితోనే చిరుగును అల్లేస్తుంది. అయిపోయాక కళ్ళద్దాలు నుదుటి మీదికి నెట్టి, కళ్ళు మూసుకుని, బొటనవేలితో ఆ చోటును తడుముతుంది. వేలికి ఏమైనా తగిలితే మొత్తం విప్పేసి మళ్ళీ మొదలుపెడుతుంది. "కండ్లను మోసం చెయ్యొచ్చు బిడ్డా, ఏలును చెయ్యలేం" అంటుంది. ఇంత తెలిసిన మనిషికి నా పని మాత్రం ఎందుకు తలకెక్కదో నాకు అర్థమయ్యేది కాదు. బట్టంటే చేతిలో ఉంటుంది, సినిమా చేతికి రాదు, అందుకేనేమో అనుకునేదాన్ని.

హైదరాబాద్‌లో అయిదేళ్ళు చేశాను. నాన్న పోయాక, హన్మకొండలో కిషన్ రావు సార్ స్టూడియో పెట్టారని తెలిసి ఇక్కడికి వచ్చాను. స్టూడియో అంటే పెద్దగా ఊహించుకోకండి. బైకుల షోరూమ్ మీద మూడో అంతస్తు, ఇరవై రెండు కుర్చీలు, ఎండ రాకుండా కిటికీలకు అంటించిన నల్ల కాగితాలు. ముంబైలో ఎవరో పెద్దవాళ్ళు పని ఒప్పుకుంటారు, వాళ్ళు హైదరాబాద్ వాళ్ళకిస్తారు, వాళ్ళు విసుగొచ్చే పనంతా ఏరి మాకు పంపుతారు. మొదటి ఏడాది నా పక్క కుర్చీలోకి సాయితేజ అని ఒకడు వచ్చాడు. మౌస్ పట్టుకోవడం దగ్గర్నుంచీ నేర్పాను. "అక్కా, అక్కా" అంటూ తిరిగేవాడు. ఏకై వచ్చి మేకయ్యాడు. నాలుగేళ్ళు తిరిగేసరికి వాడు నాకు సూపర్‌వైజర్. నేను చేసిన షాట్‌ను వాడు చూసి ఓకే అంటేనే బయటికి పోవాలి.

అదీ సహించాను. ఒక్కటే కోరిక మిగిలింది: సినిమా చివర్లో పైకి పోయే పేర్లలో నా పేరు రావాలి. నా కోసం కాదు, ఒట్టు. అమ్మ కోసం. లేని టవర్‌ను చూపించలేను, ఉన్న పేరునైనా చూపిస్తాను కదా. తొమ్మిదేళ్ళలో నలభై సినిమాలకు పని చేశాను, ఒక్కదాంట్లో పేరు లేదు. మా దాకా పేర్లు అడిగేవాళ్ళే ఉండరు.

ఒక రాజుల సినిమాకు మాత్రం అడిగారు. స్టూడియోకు నాలుగు పేర్లు. కిషన్ రావు సార్ నన్ను పిలిచి "కీర్తనా, ఈసారి నీ పేరు పంపుతాన. ఎట్ల రావాల్నో రాసియ్యి" అన్నారు. కాగితం మీద 'కీర్తన' అని రాసి ఆగాను. నా పూర్తి పేరు మేరీ కీర్తన. మేరీ అంటే మా అమ్మమ్మ. అమ్మకు ఇంగ్లీషు చదవడం రాదు. కానీ నా బడి సంచి మీద ఎర్ర దారంతో ఆ పేరు కుట్టింది ఆమే, కాబట్టి ఆ అక్షరాల రూపం ఆమెకు తెలుసు. కుట్టినదంతా తెర మీద కనబడాలని, ముందు 'మేరీ' చేర్చి ఇచ్చాను. అంత ఆశ పడకుండా ఉంటే బాగుండేది.

సినిమా మేలో విడుదలైంది. శనివారం మ్యాట్నీకి అమ్మ మా చర్చి సంఘంలోని స్త్రీల కూడిక మొత్తాన్నీ వెంటేసుకుని వచ్చింది. పదకొండు మంది. మూడు గంటల సినిమా ఓపిగ్గా చూశారు. చివరికి పేర్లు మొదలయ్యాయో లేదో, లైట్లు వెలిగాయి, తలుపులు తెరుచుకున్నాయి, జనం లేచి తెరకు అడ్డం నిలబడ్డారు. అమ్మ కుర్చీ మీద చెయ్యి ఆనించి లేచి, "జర ఆగున్రి! మా బిడ్డ పేరస్తది, జర కూసోన్రి!" అని అరిచింది. అంతలో తెర మీద బొమ్మే ఆగిపోయింది. పేర్లన్నీ వేస్తే తర్వాతి ఆటకు ఆలస్యమవుతుందట, అక్కడ ఎప్పుడూ వేయరట. గేటు దగ్గరి మనిషి "అయిపోయిందమ్మా, నడువున్రి" అన్నాడు.

నాకు ఏడుపొచ్చింది. అమ్మే నా వీపు నిమిరింది. "ఏం ఫికర్ జెయ్యకు. టీవీల అచ్చినప్పుడు ఇంట్ల కూసోని చూద్దాం. ఆడ ఎవడు బంద్ జేస్తడు?"

ఆదివారం మధ్యాహ్నం నా ఫోన్‌కు ఒక బొమ్మ వచ్చింది. సినిమాలో రాజు గుర్రం మీద అడవి ఊళ్ళోకి వచ్చే షాట్. వెనకాల ఒక గుడిసె. గుడిసె చూరుకు కట్టిన వెదురు బొంగు నుంచి కాగితం స్టార్ వేలాడుతోంది. డిసెంబర్‌లో మా వాళ్ళ ఇళ్ళ మీద వేలాడే స్టార్. 'వెయ్యేళ్ళ కిందటే క్రిస్మస్' అని రాసి, కింద పగలబడి నవ్వే మొహాలు పెట్టారు. నాకూ నవ్వొచ్చింది. ఎవడో బాగా దొరికిపోయాడు అనుకున్నాను. తర్వాత గుర్రం వెనకాల ఖాళీ చోటు చూశాను. అక్కడున్న నీళ్ళ డ్రమ్మును తీసింది నేను.

ఆ షాట్ నాది. రెండు వందల పన్నెండు ఫ్రేములు. ఏటూరునాగారం అవతల ఒక గూడెంలో డిసెంబర్‌లో తీశారు. అందులోంచి మూడు కరెంటు స్తంభాలు, వైర్లు, ఒక డిష్ యాంటెన్నా, ఆ నీలం డ్రమ్ము, ట్రాక్టర్ టైరు గుర్తులు అన్నీ తీశాను. మూడు రోజులు పట్టింది. స్టార్‌ను చూడలేదా అంటే, చూశాను. దేవుని తోడు, అబద్ధమాడను. మూడు రోజులూ అది నా కళ్ళ ముందే ఊగింది. కానీ నేను పుట్టినప్పటి నుంచీ డిసెంబర్‌లో మా ఇంటి మీద స్టార్ ఉంది. ఇంటికి చూరుంటుంది, చూరుకు స్టార్ ఉంటుంది. అది తీసేయాల్సిన వస్తువని నా కంటికి తోచనే లేదు. మానస లాంటి పిల్ల అయితే మొదటి ఫ్రేములోనే పట్టేసేది. మానస మా స్టూడియోలో అందరికంటే చిన్నది, వాళ్ళ నాన్న రాంచందర్‌ది హన్మకొండలో కిరాణా దుకాణం. వాళ్ళింటి మీద స్టార్ ఉండదు కాబట్టి ఆమెకు కనిపిస్తుంది. మా ఇంటి మీద ఉంటుంది కాబట్టి నాకు కనిపించలేదు. ఇంతకంటే పెద్ద కథ ఇందులో లేదు.

మరి సాయితేజ కళ్ళకేమైంది అంటారా? వాడు చూస్తే కదా. చూడకుండానే ఓకే కొట్టాడు.

సాయంత్రానికి ఇంకో బొమ్మ వచ్చింది. ఇది నవ్వులది కాదు. ఎక్కడో వేరే ఊళ్ళో చివరి పేర్లు వేసినట్టున్నారు, ఎవడో ఫోన్‌తో ఫోటో తీశాడు. మా స్టూడియో పేరు, దాని కింద నాలుగు పేర్లు. మూడో పేరు చుట్టూ ఎర్ర గీతతో గుండ్రంగా చుట్టాడు. మేరీ కీర్తన. పైన రెండే మాటలు: 'ఇప్పుడు అర్థమైందా?'

కింద ఎన్ని వేల మంది ఏమేం రాశారో ఇక్కడ చెప్పను. కావాలనే పెట్టిందట. ఎవరో డబ్బులిచ్చి పెట్టించారట. నన్ను ఏం చేయాలో కూడా కొందరు వివరంగా రాశారు. సాయితేజ పేరు నా పేరు పైనే ఉంది, దాని చుట్టూ ఎవరూ ఏ గీతా గీయలేదు.

సోమవారం పొద్దున నేను బయలుదేరుతుంటే అమ్మ ఫోన్ పట్టుకుని పరుగెత్తుకొచ్చింది. స్త్రీల కూడిక గ్రూపులో ఎవరో తెలియక ఆ ఫోటో పంపారు. అమ్మ మొహం వెలిగిపోతోంది.

"బిడ్డా, ఇగో నీ పేరు! నేను కుట్టిన పేరే. చూడు, ఎవరో చుట్టూత ఎర్రగ గీసి మరీ చూపెట్టిన్రు. 'ఇప్పుడు అర్థమైందా' అని రాసిన్రు. నీ పనేందో అందరికి ఇప్పుడు సమజయినట్టుంది."

"అవునమ్మా" అని చెప్పులేసుకుని బయటపడ్డాను. తర్వాత సంఘంలో అందరికీ సంగతి తెలిసింది, కానీ ఎవ్వరూ అమ్మకు చెప్పలేదు. ఆమె ఆ ఫోటో చూపిస్తుంటే "మంచిదమ్మా" అని తల తిప్పుకునేవారు.

కిషన్ రావు సార్ గదిలో సాయితేజ ముందే కూర్చుని ఉన్నాడు. నాకు కుర్చీ చూపించలేదు.

"హైదరాబాదోళ్ళు పొద్దున్నుంచి నా పానం తీస్తాన్రు. ఒక్కటి చెప్పు కీర్తనా. కావాల్ననే ఉంచినవా?"

"ఏంది సార్?"

"నేనంటలేను. వాళ్ళు అడుగుతాన్రు."

నా నోరు మంచిది కాదని అమ్మ ఎప్పుడూ అంటుంది. నిజమే. "సార్, అదే షాట్ల మూడు కరెంటు స్తంభాలు తీసిన. కరెంటోళ్ళ మీద పగతోని తీసిననా? డ్రమ్ము తీసిన. డ్రమ్ములమ్మేటోని మీద కోపమా? తప్పయింది, కండ్లకు ఆనలే, ఒప్పుకుంటాన. గని కావాల్ననా అని అడిగితే నేనేం చెప్పాలె? ఈన్ని అడుగున్రి. షాట్ ఓకే చేసింది ఈడు."

సాయితేజ నా వైపు చూడలేదు. "సార్, నాకు రోజు నలభై షాట్లు వస్తయి. సీనియర్ గదా అని అక్క మీద నమ్మకంతోని పంపిన" అన్నాడు. నమ్మకమట! దొరికితే దొంగ, దొరక్కపోతే దొర అంటారు. ఇద్దరం కలిసి చేసిన తప్పుకు దొంగను నేనొక్కదాన్నే అయ్యాను.

జూన్‌లో సినిమా ఓటీటీకి పోతుందనగా షాట్ మళ్ళీ నా దగ్గరికి వచ్చింది. స్టార్‌ను తీయడానికి ఒక్క రోజు కూడా పట్టలేదు. ఆకాశం ముక్క తెచ్చి కప్పాను, బొంగు నీడను చెరిపాను. ఆ గుడిసెలో ఉండేదెవరో నాకు తెలియదు. తీస్తున్నంతసేపూ ఎవరింటి మీదికో నిచ్చెన వేసుకుని ఎక్కినట్టే ఉంది.

దాన్ని ఇచ్చేసి వస్తుంటే కిషన్ రావు సార్ మళ్ళీ పిలిచారు. ఈసారి కుర్చీ చూపించారు. అప్పుడే అనుమానం వచ్చింది.

"ఇంకో చిన్న పనుంది. ఎండ్ టైటిల్స్‌ల నీ పేరు తీసెయ్యమంటాన్రు. నీ మంచికే అంటాన. పేరుంటె మల్ల ఎవడో ఫోటో తీస్తడు, మల్ల లొల్లి. టైటిల్స్ చేసినాయన ఫోన్ ఎత్తుతలేడు, అసలు ఫైలు లేదు. ఉన్నదాని మీదనే తుడవాలె. ఎనకాల షూటింగ్ బొమ్మలు ఉరుకుతాంటయి, అది జర కష్టం. నువ్వైతేనే..."

"సాయితేజ పేరు?"

"ఆ పేరుతోని ఏం పంచాయితీ లేదు గదా."

"నా పేరును నన్నే తీయమంటాన్రా సార్?"

"ఇరవై రెండు మంది బతకాలె కీర్తనా. పని బందయితే నేనేం జెయ్యాలె?"

"నేను తీయను. ఎవరితోనన్న తీపిచ్చుకోన్రి" అని లేచాను. ఆయన గట్టిగా ఏమీ అనలేదు. "మానసకిస్త తియ్" అన్నారు.

ఆ రాత్రి హాయిగా పడుకున్నాను. ఒక్క మాటైనా నిలబెట్టుకున్నానని నా మీద నాకే గౌరవం కలిగింది. అది మర్నాడు పదకొండు గంటల వరకు ఉంది.

పదకొండింటికి మానస వచ్చి నా కుర్చీ పక్కన నిలబడింది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. "అక్కా, నిన్ను అడగొద్దు, నాకు తెలుసు. గని జర ఒక్కపారి చూడవా? ఎంత జేసినా దయ్యం లెక్క కనిపిస్తాంది. సార్ ఇట్లనే పంపుతా అంటాండు."

వెళ్ళి చూశాను. చూడకుండా ఉండాల్సింది. వెనకాల గుర్రాలు పరుగెత్తుతున్నాయి, హీరో నవ్వుతున్నాడు, ముందు పేర్లు పైకి పోతున్నాయి. మా స్టూడియో దగ్గరికి వచ్చేసరికి, రెండో పేరుకూ నాలుగో పేరుకూ నడుమ ఒక మసక ముద్ద. నా పేరెంత పొడవో అంత పొడవు. గుర్రం కాలు దాని కిందికి రాగానే విరిగినట్టు వణుకుతోంది. 'మేరీ'లోని మొదటి అక్షరం ఒక్కో ఫ్రేములో లేచి మళ్ళీ మునుగుతోంది. ఇక్కడ ఒక మనిషిని తీసేశారు అని చిన్నపిల్లలకైనా తెలిసిపోతుంది.

ఒక పక్క మనసు అంటూనే ఉంది: ఉండనివ్వవే, తెలియనివ్వు అందరికీ, ఆ మచ్చే నీ సాక్ష్యం. నిజంగా అంది. కానీ ఆ గుర్రం కాలు చూస్తుంటే ఒళ్ళు మండిపోయింది. తీసేస్తే తీసేశారు, నా పేరును ఇంత చెత్తగా తీస్తారా? తొమ్మిదేళ్ళు నేను చేసిన పని మీద ఇలాంటి మచ్చ ఒక్కటి లేదు. నా పేరు మీదేనా పడేది?

"లే" అన్నాను మానసతో.

సాయంత్రం ఆరు దాకా కూర్చున్నాను. గుర్రం కాలును ముందు ఫ్రేముల్లోంచి తెచ్చి అతికించాను. దుమ్మును దుమ్ములో కలిపాను. నాలుగో పేరును పైకి జరిపి ఖాళీని మూశాను. అక్షరం వెనక అక్షరం పోయింది. అయ్యాక ముందుకూ వెనక్కూ ఇరవైసార్లు తిప్పి చూశాను. ఎక్కడా ఏమీ తగల్లేదు. కిషన్ రావు సార్ నా వెనకాల నిలబడి చూసి "శభాష్! నువ్వు తప్ప ఎవ్వరు చెయ్యలేరు" అన్నారు. అంతకంటే చెంప మీద కొట్టినా బాగుండేది.

తర్వాతి ఆదివారానికి సినిమా ఓటీటీలో పెట్టారు. చర్చి నుంచి వచ్చాక అమ్మ టీవీ ముందు చాప పరిచింది. పదకొండు మందినీ మళ్ళీ పిలుస్తానంటే, ముందు మనం చూద్దామని ఆపాను. "సినిమా వద్దు, సక్కగ పేర్ల కాడికి పోనియ్యి" అంది. నేను రిమోట్ నొక్కాను. గుర్రాలు పరుగెత్తాయి. మా స్టూడియో పేరు వచ్చి వెళ్ళిపోయింది.

"పోయింది, పోయింది. ఎనకకు తిప్పు."

తిప్పాను. మళ్ళీ వెళ్ళిపోయింది. మూడోసారి "ఆపు" అంది. ఆపాను. అమ్మ ఫోన్‌లో ఎర్ర గీత ఫోటో తీసి, టీవీ దగ్గరికి వెళ్ళి, దీన్నీ దాన్నీ మార్చి మార్చి చూసింది. దారాలు లెక్కపెట్టినట్టు వేలితో పేర్లు లెక్కపెట్టింది. ఫోన్‌లో నాలుగు. టీవీలో మూడు.

కళ్ళద్దాలు నుదుటి మీదికి నెట్టింది. కళ్ళు మూసుకుని, రెండో పేరు కింద, గాజు మీద బొటనవేలు ఆనించి మెల్లగా ఈ చివర నుంచి ఆ చివరకు జరిపింది.

"ఇక్కడ ఉండె" అంది. "ఎవరో తీసిన్రు. పోగు గూడ లేవలే. మంచి చెయ్యి తిరిగినోళ్ళే తీసిన్రు బిడ్డా."

నేను చాప అంచు చూస్తూ కూర్చున్నాను. అమ్మ వెనక్కి తిరిగింది. తర్వాత వచ్చి నా ఎదురుగా కూర్చుని, నా కుడిచేతిని తన ఒళ్ళోకి తీసుకుంది. మౌస్ పట్టుకుని పట్టుకుని కాయ కాసిన మణికట్టు మీద వేలు పెట్టింది.

"ఇన్నేండ్ల సంది చెప్తాంటే నాకు సమజే కాలేదు" అంది. "ఇదా బిడ్డా నీ పని?"

"ఇదేనమ్మా" అన్నాను.